గెలుపు చెదరకముందే

దూరానున్న తాతగారికి తమ గెలుపు చూపాలని మన పిల్లలకు ముచ్చట. కాని తెర మారితే ఆ ఘట్టం తిరిగి రాదు. కనుక బొమ్మ తీసే మీట ఏదో ఆటకు ముందే తెలుసుకోవడం మేలని మా మనవి.

ఆండ్రాయిడ్ ఫోనులో పవర్ మీటను, ధ్వని తగ్గించే మీటను ఒక్కసారే నొక్కవలెను. హోమ్ మీట లేని ఐఫోనులో ప్రక్క మీటను, ధ్వని పెంచే మీటను నొక్కి వెంటనే వదలవలెను. విండోస్ కంప్యూటరులో విండోస్ మీటతో ప్రింట్‌స్క్రీన్ నొక్కితే, బొమ్మ ‘పిక్చర్స్’లోని ‘స్క్రీన్‌షాట్స్’ అరలో చేరుతుంది. స్టీమ్‌లో ఆడేవారికి సాధారణంగా ఎఫ్12 చాలును. నింటెండో స్విచ్‌కు ఎడమ జాయ్‌కాన్ మీద చదరపు మీట ఉన్నది. ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎక్స్, ఎస్‌లకు షేర్ మీట.

బొమ్మ పంపేముందు తోడి ఆటగాళ్ళ పేర్లు, సంభాషణ అందులో పడినవేమో చూచి, ఆ భాగం కత్తిరించమని పిల్లలకు మనం చెప్పవలెను. గెలుపు మనదే గాని, వారి పేర్లు మనవి కావు గదా!