ఆలస్యంగా వచ్చిన బిరుదు

చదరంగం ఖర్చు లేని ఆట అని మన ఇళ్లలో పేరు. గుడ్డమీద కుట్టిన అరవైనాలుగు గళ్లు, గుప్పెడు కొయ్యబొమ్మలు, ఎదుట కూర్చోవడానికి ఒక మనిషి ఉంటే చాలు, పొద్దు గడిచిపోతుంది. అయితే అరుగుమీద గెలిచినవాడు ప్రపంచంలో గెలవాలంటే మాత్రం కొయ్యబొమ్మలు చాలవు. దారిఖర్చులు పెట్టే చేయి, వెనుక నిలబడే మనిషి కావాలి. ఆ అండ ఉన్న నాలుగైదేళ్లలో జగజ్జెట్టీలను ఓడించి, ఆ తరువాత పొలం గట్టున మిగిలిపోయిన ఒక మేటి ఆటగాని సంగతి ఈ నెల చెప్పుకుందాం. ఆయన పేరు సుల్తాన్ ఖాన్.

పంజాబులోని మిఠా తివానా గ్రామం ఆయన స్వస్థలం. ఆ ఊరు ఇప్పుడు పాకిస్తాన్‌లో ఉంది. చిన్ననాడే తండ్రి దగ్గర ఆట నేర్చుకొని, ఇరవై ఏళ్లు దాటేసరికి పంజాబు మొత్తంమీద తనకు ఎదురులేదనిపించుకున్నాడు. ఆ ప్రాంతపు పెద్ద జమీందారు సర్ ఉమర్ హయాత్ ఖాన్‌కు చదరంగమంటే ప్రాణం. ఆయన ఈ యువకుణ్ణి చేరదీసి, జీతమిచ్చి తన పరివారంలో ఉంచుకున్నాడు. 1928లో జరిగిన అఖిల భారత పోటీలో సుల్తాన్ ఖాన్ తొమ్మిది ఆటలలో ఎనిమిది గెలిచి, ఒకటి సమం చేసి, ఒక్కటైనా ఓడకుండా ప్రథముడైనాడు. మరుసటి ఏడు వసంతంలో జమీందారు వెంట ఓడ ఎక్కి లండన్ చేరాడు.

ఇక్కడ ఒక సంగతి గమనించాలి. ఆయన పుట్టి పెరిగిన ఆట వేరు, ఐరోపావారి ఆట వేరు. మన పాతకాలపు ఆటలో బంటు మొదటి ఎత్తులో రెండు గళ్లు దూకదు, ఒక్కొక్క గడే నడవాలి. అవతలి కొసకు చేరిన బంటు అది ఏ బొమ్మ వరుసలో ఉన్నదో ఆ బొమ్మే అవుతుంది. మంత్రి కావాలని కోరుకుంటే కుదరదు. రాజును, ఏనుగును ఒకే ఎత్తులో కదిపి కోట కట్టడం లేనేలేదు. ఇటువంటి ఆటలో తొందర పనికిరాదు. బలగాన్ని నింపాదిగా కూర్చుకోవాలి, చివరిదాకా ఓపిక పట్టాలి. సుల్తాన్ ఖాన్‌కు అబ్బిన విద్య అదే. ఐరోపా ఆటగాళ్లకేమో ఆట ఆరంభాలమీద పుస్తకాలకు పుస్తకాలున్నాయి. ఈయనకు ఇంగ్లీషు అంతంతమాత్రం. ఆ పుస్తకాల జోలికి పోయే వీలు లేదు.

అందువల్ల లండన్‌లో మొట్టమొదట ఆడిన చిన్న పోటీలో ఆయనకు దక్కింది చివరి స్థానం. అదే పోటీలో తనకంటె ముందు నిలిచిన యేట్స్, వింటర్ అనే ఇద్దరు ఇంగ్లీషు ఆటగాళ్లు ఆయనకు ఆరంభపు ఎత్తులలో కొంత తర్ఫీదు ఇచ్చారు. మంచిమనసు అంటే అదీ! ఆ వేసవిలోనే, 1929లో, రామ్స్‌గేట్ అనే ఊళ్లో బ్రిటిష్ ఛాంపియన్‌షిప్ జరిగింది. అందరూ ముక్కుమీద వేలు వేసుకునేటట్టు సుల్తాన్ ఖాన్ గెలిచాడు. 1932లోను, 1933లోను మళ్లీ ఆ బిరుదు ఆయనదే.

1930లో బెల్జియంలోని లియేజ్ నగరంలో తార్తకోవర్ తరువాత రెండవ స్థానం పొందాడు. ఆ ఏటి చివర ఇంగ్లండులోని హేస్టింగ్స్‌లో జరిగిన పోటీలో కాపబ్లాంకా ఎదురయ్యాడు. 1921 నుంచి 1927 వరకు ప్రపంచ విజేతగా ఉన్న ఆ క్యూబా దేశస్థుణ్ణి ఓడించడమంటే ఆ రోజుల్లో వింతల్లో వింత. సుల్తాన్ ఖాన్ తన మంత్రిని ఇచ్చి, బదులుగా రెండు ఏనుగులను పుచ్చుకున్నాడు. పిమ్మట అరవై అయిదు ఎత్తులదాకా పట్టు సడలకుండా నడిపించి ఆట కట్టించాడు. ఆ పోటీ మొత్తంమీద కాపబ్లాంకా ఓడిన ఆట ఇదొక్కటే. ఓడినవాడు పెద్దమనిషి, పుస్తకాల సాయం లేకుండా ఇంతవాడు కావడం అసాధారణ ప్రతిభ అని తరువాత మెచ్చుకున్నాడు.

మరుసటి ఏడు తార్తకోవర్‌తో పన్నెండు ఆటల ముఖాముఖీలో ఆరున్నర పాయింట్లతో నెగ్గాడు. 1931లో ప్రాగ్ నగరంలో జరిగిన ఒలింపియాడ్‌లో ఇంగ్లండు జట్టుకు మొదటి బల్లమీద కూర్చుని రూబిన్‌స్టయిన్‌ను, ఫ్లోర్‌ను ఓడించాడు. అప్పటి ప్రపంచ విజేత అలేఖిన్‌తో ఆట సమం చేశాడు. ఇదంతా ఒళ్లు బాగుండి చేసింది కాదు. ఆ చలిదేశం ఆయనకు సరిపడలేదు. మలేరియా జ్వరం ఒకవైపు, గొంతునొప్పి ఒకవైపు. మెడకు గుడ్డ చుట్టుకొని ఆడిన రోజులున్నాయి.

ఆ ఇంటనే మరొక రత్నం కూడ ఉంది. ఉమర్ హయాత్ ఖాన్ పరివారంలోని ఫాతిమా అనే యువతి 1933లో బ్రిటిష్ మహిళల ఛాంపియన్‌షిప్ గెలిచింది. ఒకే ఏడు ఒకే ఇంటినుంచి ఇద్దరు విజేతలన్నమాట!

అయినా ఆ ఇంట సుల్తాన్ ఖాన్ స్థానమేమిటన్నది వివాదంగానే మిగిలింది. తాము విందుకు వెళ్లినప్పుడు అంతటి ఆటగాడే తమకు వడ్డించాడని, తమకు సిగ్గనిపించిందని అమెరికా ఆటగాడు రూబెన్ ఫైన్ వ్రాశాడు. ఆయన నౌకరు కాడు, గౌరవం గల పీర్ల కుటుంబంవాడు అని మనుమరాలు ఇటీవలి కాలంలో ఖండించింది. ఏది ఎట్లున్నా ఒక్కటి మాత్రం నిజం. ఆయన ఎక్కడ ఆడాలో, ఎప్పుడు ఆపాలో ఆయన చేతిలో లేదు. 1933 చివర జమీందారు స్వదేశానికి బయలుదేరితే, ఆటగాడు కూడ బయలుదేరాడు. 1935లో ఖాదిల్కర్‌తో పది ఆటలాడి తొమ్మిదిన్నర పాయింట్లు గెలుచుకున్నాడు. అంతటితో పెద్ద పోటీలు సరి. తరువాత సర్గోధా ప్రాంతంలో సేద్యం చేసుకుంటూ, 1966 ఏప్రిల్ 25న కన్నుమూశాడు. తన బిడ్డలకు ఆయన చదరంగం నేర్పలేదట. ఇంతకంటె పనికివచ్చేది ఏదైనా చేసుకోండి అన్నాడట. ఈ మాట కుమారుడే చెప్పాడు. కాపబ్లాంకాను గెలిచిన మనిషి నోట ఈ మాట వచ్చిందంటే, లోపల ఎంత కుమిలి ఉంటాడో!

అంతర్జాతీయ చదరంగ సమాఖ్య 1950లో మొదటిసారి గ్రాండ్‌మాస్టర్ బిరుదులు ప్రకటించింది. ఆ ఇరవై ఏడుగురిలో తార్తకోవర్ ఉన్నాడు, రూబిన్‌స్టయిన్ ఉన్నాడు, ఫ్లోర్ ఉన్నాడు. వారిని ఓడించినవాడు లేడు. అప్పటికి ఆయన బతికే ఉన్నాడు సుమా! చివరకు 2024 ఫిబ్రవరిలో ఆ సమాఖ్య ఆయనకు గౌరవ గ్రాండ్‌మాస్టర్ బిరుదు ఇచ్చింది. అందుకోవలసిన మనిషి పోయి అప్పటికి యాభై ఎనిమిదేళ్లు కావస్తోంది.

ఆయన కాలంలో అండ అంటే జమీందారే. క్రమంగా ఆ స్థానం సంఘాలకు, తల్లిదండ్రులకు వచ్చింది. 1961లో మన దేశానికి మొదటి ఇంటర్నేషనల్ మాస్టర్ అయిన మాన్యువల్ ఆరన్, తాను గెలవడంతో తృప్తిపడక 1972లో మద్రాసులో తాల్ చెస్ క్లబ్ పెట్టించాడు. 1988లో దేశపు మొదటి గ్రాండ్‌మాస్టర్ అయిన విశ్వనాథన్ ఆనంద్ చిన్ననాడు ఆడింది ఆ క్లబ్బులోనే. గుడివాడ బిడ్డ కోనేరు హంపికి తర్ఫీదు ఇవ్వడానికి తండ్రి అధ్యాపకవృత్తినే మానుకున్నాడు. 2002లో పదిహేనేళ్లకే ఆమె గ్రాండ్‌మాస్టర్ అయింది. చెన్నైలో స్థిరపడిన మన తెలుగు కుటుంబపు పిల్లవాడు గుకేశ్ 2024 డిసెంబరు 12న సింగపూరులో ప్రపంచ విజేత అయ్యాడు. పిల్లవాణ్ణి పోటీలకు తీసుకువెళ్లడానికి వైద్యుడైన తండ్రి ప్రాక్టీసు వదులుకుంటే, తల్లి సంపాదనమీద ఇల్లు నడిచింది.

ఆడే ప్రతి పిల్లవాడూ గ్రాండ్‌మాస్టర్ కాడు. అందరు తండ్రులూ కొలువు మానుకోనూలేరు, మానుకోమని చెప్పడం మా ఉద్దేశమూ కాదు. కాని ఏ ఇంటనైనా బిడ్డలో నిజమైన పస కనబడితే, దానిని గుర్తించడానికి ఖర్చేమీ లేదు. సుల్తాన్ ఖాన్‌కు రావలసిన మెప్పు ఆయన సమాధికి అందింది. మన పిల్లలకు ఇవ్వవలసిన మెప్పు వాళ్లు ఎదుట కూర్చుని బొమ్మలు పేరుస్తున్నప్పుడే ఇద్దాం.