మీకు తెలుసా? తొలి టాకీలో లీలావతి ఎవరో!

తెలుగు టాకీకి తొలి కథానాయిక ఎవరని అడిగి చూడండి. పాత సినిమాల పిచ్చి ఉన్నవాళ్లు కూడా తడుముకోకుండా కాంచనమాల అనేస్తారు. కాంచనమాల తెరమీదికి వచ్చేసరికి మన సినిమాకు మాటలొచ్చి మూడేళ్లయింది. అసలు జవాబు సురభి కమలాబాయి. హెచ్.ఎం. రెడ్డి తీసిన తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’లో లీలావతి ఆవిడే. హిరణ్యకశిపుడు మునిపల్లె సుబ్బయ్య.

ఆ సినిమా 1931 సెప్టెంబరు 15న వచ్చిందని ఏళ్ల తరబడి రాసుకుంటూ వచ్చాం. 1932 ఫిబ్రవరి 6 అని పరిశోధకుడు రెంటాల జయదేవ ఆధారాలతో తేల్చారు. తేదీ మీద జరిగిన చర్చలో సగమైనా కమలాబాయి మీద జరగలేదు, అదీ విచిత్రం.

ఆవిడ 1907లో సురభి నాటకాల వాళ్లింట పుట్టారు. తల్లి వేషం కట్టి రంగం మీద ఉండగానే నొప్పులొచ్చాయని, అక్కడే ఈవిడ పుట్టారని చెబుతారు. సురభి అంటే కడప జిల్లాలో ఊరు. 1885లో వనారస గోవిందరావు అక్కడ ‘కీచకవధ’ ఆడించారు, దాంతో ఊరి పేరే సమాజం పేరైంది. కమలాబాయి పెరిగే నాటికి కూడా మిగతా చోట్ల ఆడవేషాలు మగవాళ్లే కడుతున్నారు. స్థానం నరసింహారావు సత్యభామగా జనాన్ని ఉర్రూతలూగిస్తున్నారు. సురభి వాళ్లలో మాత్రం ఇల్లంతా నటులే కాబట్టి ఆడవేషాలు ఆడవాళ్లే వేసేవారు. టాకీ వచ్చి, పద్యం పాడగల నటి కావాలి అన్నప్పుడు వెతుక్కోవాల్సిన పని లేకపోయింది.

పాడగలగడం ఎంత అవసరమో ఇప్పటివాళ్లకు ఊహకందదు. అప్పటికి ప్లేబ్యాక్ లేదు. కెమెరా తిరుగుతుంటే నటి అక్కడికక్కడే పాడాలి. హార్మోనియం, తబలా వాళ్లు ఫ్రేములో పడకుండా పక్కన నక్కి కూర్చుని వాయించాలి. మైకు ఒకచోట ఉంటుంది కాబట్టి తల అటు తిప్పితే గొంతు పోతుంది. చివరి వరసకు వినపడేలా గొంతెత్తి పాడే అలవాటున్న స్టేజీ మనిషి, ఆ మైకు ముందు నిలబడి నటిస్తూ పాడటం మాటలు కాదు. చందాల కేశవదాసు రాసిన పాటలను లీలావతి పాడింది అలాగే.

అదే 1932లో సర్వోత్తమ్ బదామీ దర్శకత్వంలో మరో రెండు. ‘పాదుకా పట్టాభిషేకం’లో అద్దంకి శ్రీరామమూర్తి రాముడైతే ఈవిడ సీత. ‘శకుంతల’లో యడవల్లి సూర్యనారాయణ దుష్యంతుడైతే ఈవిడే శకుంతల. ఒక్క ఏడాదిలో లీలావతి, సీత, శకుంతల! అప్పుడు మన సినిమాలు బొంబాయిలో తయారయ్యేవి. కమలాబాయి అక్కడే ఉండిపోయి హిందీ చిత్రాల్లోనూ వేశారు. ఈలోగా తెలుగు సినిమా మద్రాసుకు మకాం మార్చింది, కొత్త నాయికలొచ్చారు. ప్రేక్షకులు ఆవిణ్ని మరిచిపోవడానికి అంతకన్నా కారణం అక్కర్లేదు.

తర్వాత మద్రాసు చేరి అమ్మ వేషాలు వేశారు. 1951లో వచ్చిన విజయా వారి ‘పాతాళభైరవి’ చూశారా? ఎన్టీఆర్ తోటరాముడు, ఎస్వీ రంగారావు నేపాళ మాంత్రికుడు... వాళ్ల సందడిలో తోటరాముడి తల్లి కాంతమ్మను ఎవరు పట్టించుకుంటారు? ఆ కాంతమ్మే కమలాబాయి. ‘భక్త ప్రహ్లాద’ ప్రింటు ఇప్పుడు ఎక్కడా లేదు. కాబట్టి లీలావతిని చూసే భాగ్యం మనకు లేదు. 1971లో ఆవిడ కన్నుమూశారు.

ఈసారి టీవీలో ‘పాతాళభైరవి’ వేస్తే మాంత్రికుడి గడ్డం మీంచి కాసేపు చూపు మళ్లించి కాంతమ్మను చూడండి. పిల్లలకు కూడా కమలాబాయి పేరు చెప్పండి.