పేరు లేని మాంత్రికుడు

పోయిన ఎండాకాలం హుజూరాబాద్ దగ్గరి మా ఊళ్ళో తాత సందుగు సదురుతుంటే ఒక బైండు పుస్తకం దొరికింది. పాత 'చందమామ'ల్లోంచి సీరియల్ పేజీలు మాత్రమే విడదీసి, దారంతో కుట్టి దాచుకున్నాడు తాత. అది 'శిథిలాలయం'. ఫోనులో పికాచూను చూస్తున్న మా తమ్ముడు ఫోను పక్కన పడేసి శిఖిముఖి, విక్రమకేసరుల వెంట పడ్డాడు. చివరికి అడిగాడు: "అన్నా, గిది రాసినాయన పేరేది?"

పేజీలన్నీ తిరగేశాను. పేరు లేదు. చిరిగిపోయిందేమో అనుకున్నాను. కాదు, అసలు వేయనే లేదు!

మిత్రులారా, ఆయన దాసరి సుబ్రహ్మణ్యం. 1947 జూలైలో మద్రాసులో మొదలైన 'చందమామ'లో 1954లో 'తోకచుక్క'తో ప్రారంభించి, 1970ల చివరిదాకా పన్నెండు సీరియళ్ళు రాశారు. 'రాకాసిలోయ', 'భల్లూక మాంత్రికుడు' ఆ కోవలోవే. వీటికి బొమ్మలు వేసినవారు 'చిత్ర' అనే టి.వి. రాఘవన్. చిత్రగారైతే బొమ్మ కింద సంతకం పెట్టేవారు. రచయితకు ఆ అవకాశం కూడా లేకపోయె.

ఇక్కడ గమనించవలసింది ఒకటుంది. వింత మృగం గురించి రచయిత రెండు వాక్యాలే రాస్తాడు. దానికి కోరలెన్ని, కన్నులెట్లా ఉంటాయన్నది బొమ్మ చెబుతుంది. ఆపద మీద పడబోయే క్షణంలో కథ ఆగుతుంది. మిగిలింది నెల రోజులపాటు పిల్లవాడే ఊహించుకోవాలి. సినిమా ఆ పని మన బదులు తానే చేసేస్తుంది.

జపానులోనూ ఇలాంటి ముచ్చటే ఉంది. పోకెమాన్ అనగానే మనకు 1997లో వచ్చిన టీవీ బొమ్మలే గుర్తొస్తాయి. అదే ఏడు హిదెనోరి కుసాకా రాయగా మాతో గీసిన బొమ్మల కథ మొదలైంది. అది మనలో చాలామందికి తెలియదు. అయితే తేడా ఏమంటే, వాళ్ళిద్దరి పేర్లూ పుస్తకం మీద ఉన్నాయి.

దాసరిగారు 2010లో కన్నుమూశారు. ఆ తరువాత ఆయన సీరియళ్ళు ఆయన పేరుతోనే పుస్తకాలుగా వచ్చాయి. తాత మాత్రం ఆ పేరు తెలియకుండానే పోయాడు. అందుకే ఆ బైండు మొదటి పేజీమీద తమ్ముడి చేత రెండు పేర్లూ రాయించాను.

సంపాదక మిత్రులకొక మనవి. ఈ సంచికలో అట్టమీది బొమ్మ గీసినవారి పేరు, ప్రూఫులు దిద్దినవారి పేరు మరువకండి. ఇంకో యాభై ఏండ్లకు ఎవరి సందుగులోనో ఇది బయటపడితే, ఏ తమ్ముడో తప్పకుండా అడుగుతాడు.