తీర్పు వచ్చేదాకా తిండెలా?

మన కథల్లో కోర్టు తరచుగానే కనిపిస్తుంది. భార్యాభర్తల తగాదా వస్తుంది, ప్లీడరు వస్తాడు, చివర తీర్పు వస్తుంది. దావా వేసిన రోజుకూ తీర్పు వచ్చిన రోజుకూ మధ్య ఆ ఇల్లాలు ఏం తిన్నది, బిడ్డల ఫీజు ఎవరు కట్టారు అన్న ప్రశ్న మాత్రం కథకుడికి తట్టదు. నిజానికి సంఘర్షణ అంతా ఆ మధ్యకాలంలోనే ఉంది. జీతం ఉన్న భర్త ఎన్ని వాయిదాలైనా భరించగలడు. ఆదాయం లేని భార్య కోర్టుకు రావడానికి బస్సు చార్జీల కోసం కూడా పుట్టింటివైపు చూడాలి. అందుకే రాజీ అని మనం రాసేది చాలాసార్లు లొంగుబాటే. ఈ అసమానతను కొంతైనా తగ్గించడానికి ఏర్పడిందే మధ్యంతర మనోవర్తి.

దీనికి ముఖ్యంగా రెండు దారులున్నాయి. మొదటిది 1955 నాటి హిందూ వివాహ చట్టం. విడాకుల కేసు గానీ, కాపురానికి పంపమని వేసిన కేసు గానీ నడుస్తుండగా, తగిన స్వంత ఆదాయం లేని పక్షానికి నెలవారీ పోషణ ఖర్చూ, కేసు ఖర్చూ 24వ సెక్షను కింద ఇప్పించవచ్చు. భర్త కూడా అడగవచ్చు. బిడ్డల పోషణ, చదువుల సంగతి 26వ సెక్షను చూస్తుంది. రెండవది 1973 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోని 125వ సెక్షను. 2024 జూలై 1 నుంచి దాని స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 144వ సెక్షను వచ్చింది. దీనికి మతంతో నిమిత్తం లేదు, విడాకుల కేసు ఉండనక్కరలేదు. భార్య, బిడ్డలు, తల్లిదండ్రులు అడగవచ్చు.

ఈ హక్కు ఒక్కనాడు వచ్చింది కాదు. 1973 కోడ్ నెలకు 500 రూపాయలు మించరాదని గీత గీసింది. మధ్యంతర చెల్లింపు ఊసే అందులో లేదు. అసలు ఉత్తర్వు ఇవ్వగల మేజిస్ట్రేటు ఈలోపల కూడా ఇప్పించగలడని 1985లో సుప్రీంకోర్టు చెప్పింది. 2001 సవరణ ఆ మాటను చట్టంలోకి ఎక్కించి, 500 పరిమితిని తీసివేసింది. నోటీసు అందిన 60 రోజుల్లో, వీలైనంతవరకు, మధ్యంతర దరఖాస్తును తేల్చాలన్నది. ఆ “వీలైనంతవరకు” అన్న మాటలోనే ఎన్నో నెలలు జారిపోతుంటాయి.

1985లో షాబానో తీర్పు, దాని మీద చెలరేగిన వివాదం, 1986 చట్టం మనకు తెలిసినవే. విడాకులు పొందిన ముస్లిం స్త్రీ కూడా 125 కింద అడగవచ్చని 2024 జూలై 10న సుప్రీంకోర్టు తిరిగి స్పష్టం చేసింది. ఆ కేసు తెలంగాణ నుంచి వెళ్లింది. అక్కడ వివాదం మధ్యంతర మనోవర్తి మీదే.

మరి ఎంత ఇవ్వాలి? ఇక్కడే అసలు నాటకం. భర్తకు ఉన్నట్టుండి జీతం తగ్గిపోతుంది, పొలం తండ్రిదైపోతుంది. “ఆమె చదువుకున్నదే కదా, ఉద్యోగం చేసుకోవచ్చు” అంటాడు. సంపాదించగలగడం వేరు, సంపాదిస్తూ ఉండడం వేరని 2017లో సుప్రీంకోర్టు చెప్పవలసి వచ్చింది. ఇరుపక్షాలూ ఆస్తులు, అప్పుల వివరాలతో ప్రమాణపత్రాలు దాఖలు చేయాలనీ, దరఖాస్తు చేసిన తేదీ నుంచే మనోవర్తి లెక్కకట్టాలనీ 2020 నవంబరు 4న రజనీష్–నేహా కేసులో నిర్దేశించింది. వాయిదాలు సాగదీసి లాభపడే దారి దానితో కొంత మూసుకుపోయింది.

చెల్లించనివాడిని, బకాయిపడ్డ ఒక్కొక్క నెలకు ఒక నెల వరకు, జైలుకు పంపవచ్చు. జైలుకు వెళ్లినంత మాత్రాన బాకీ తీరదని 1988లో సుప్రీంకోర్టు తేల్చింది. అయితే బకాయి పడిన ఏడాదిలోపు ఆమె మళ్లీ దరఖాస్తు పెట్టుకోవాలి. ఉత్తర్వు వేరు, చేతికొచ్చే రూపాయి వేరు.

చట్టం పరిమితి కూడా గుర్తించాలి. 125వ సెక్షను, ఇప్పటి 144వ సెక్షను, వ్యభిచార జీవితం గడిపే భార్యకు మనోవర్తి లేదంటాయి. దాంతో తిండి ప్రశ్న శీలం ప్రశ్నగా మారుతుంది. డబ్బు ఎగ్గొట్టదలచినవాడికి అపవాదు ఒక ఆయుధమవుతుంది. ఆర్థిక సంబంధం నీతి ముసుగు వేసుకోవడమంటే ఇదే.

స్త్రీ సమస్య మీద రాసే రచయిత కన్నీళ్లతో సరిపెట్టరాదు. ఆమె దరఖాస్తు తేదీ ఏది, ఉత్తర్వు ఎప్పుడొచ్చింది, మొదటి పైకం ఎప్పుడందింది, ఈలోపల అప్పు ఎవరిచ్చారు – ఈ నాలుగూ తెలుసుకుంటే పాత్ర ఎందుకు నిలబడిందో, ఎందుకు రాజీపడిందో పాఠకుడికి కారణం దొరుకుతుంది. కారణం చూపని కరుణ వల్ల ఆమెకు గానీ సాహిత్యానికి గానీ మేలు లేదు.