నకలుకు అందని వంకర

మీ దగ్గర పాత ప్లేస్టేషన్ ఆట డిస్కు ఉందనుకోండి. గీతలు పడకముందే కంప్యూటరుతో దానికి నకలు తీశారు. సమాచారమంతా పొల్లుపోకుండా వచ్చింది. అయినా యంత్రం దాన్ని అంగీకరించదు! ఎందుకో తెలుసా?

1994లో జపానులో విడుదలైన ఈ యంత్రానికి సోనీ సంస్థ ఒక కాపలా పెట్టింది. డిస్కు మీద సమాచారం అతి చిన్న గుంటల వరుసగా, చుట్టలు చుట్టలుగా ఉంటుంది. మొదట్లో ఆ వరుసను కర్మాగారంలోనే కాస్త వంకరటింకరగా అచ్చువేశారు. ఆ వంకరలోనే రహస్య సంకేతం ఉంది. యంత్రం ముందుగా దానికోసమే వెతుకుతుంది.

ఖాళీ డిస్కులో గాడి ముందే అచ్చయి ఉంటుంది. మనం దాన్ని వంచలేం. ఉత్తరంలోని మాటలు ఎత్తి రాయవచ్చు గాని, రాసినవారి దస్తూరీ రాదు కదా!

అయినా ఆ నకలు వృథా కాదు. పాత యంత్రాన్ని అనుకరించే ప్రోగ్రాము ఉంటే, కంప్యూటరులో ఆట మళ్ళీ సాగుతుంది. డిస్కు పాడైనా ఆట బతుకుతుంది.