పదవికి వచ్చే కానుక: ఇండోనేషియా నేర్పే పాఠం

ప్రభుత్వోద్యోగి చేతికి అందిన కానుక అతనిదా, అతని పదవిదా? చూడడానికి ఇది చిన్న ప్రశ్న. కాని ఒక దేశంలో పరిపాలన ఎంత శుభ్రంగా ఉన్నదో తెలుసుకోవాలంటే, ఆ దేశం ఈ ప్రశ్నకు ఇచ్చే సమాధానాన్ని చూస్తే చాలు.

దైవప్రవక్త (సల్లం) కాలంలోనే ఈ ప్రశ్న తలెత్తినది. అజ్ద్ తెగకు చెందిన ఒక వ్యక్తి బనూ సులైమ్ వారి నుండి జకాత్ వసూలు చేయడానికి నియమితుడైనాడు. అతడు తిరిగి వచ్చి, తెచ్చిన సొమ్మును రెండు భాగాలుగా చూపి, ఇది మీది, ఇది నాకు కానుకగా వచ్చినది అన్నాడు. ప్రవక్త (సల్లం) మింబర్‌పై నిలబడి, అతడు తల్లిదండ్రుల ఇంటిలోనే కూర్చుండి ఉంటే ఆ కానుక అతనికి వచ్చి ఉండేదా అని ప్రజలందరి ఎదుట ప్రశ్నించారు. బుఖారీ, ముస్లిం గ్రంథాలు రెండింటిలోనూ ఈ హదీసు ఉన్నది. కానుక ఇచ్చినవారి మనసులో ఏమున్నదన్న విచారణ ఇక్కడ జరగలేదు. పదవి లేకపోతే వచ్చేది కాదు గనుక, అది పదవికి వచ్చినదే.

హజ్రత్ ఉమర్ (రజి) ఈ సూత్రాన్ని పరిపాలనా పద్ధతిగా మలిచారు. ఆయన గవర్నర్లను నియమించేటప్పుడు వారి ఆస్తులను వ్రాయించి ఉంచేవారనీ, తర్వాత ఆస్తి అసాధారణంగా పెరిగిన వారి నుండి కొంత భాగాన్ని బైతుల్ మాల్‌కు తీసుకునేవారనీ చరిత్రకారులు వ్రాశారు. అధికారులపై వచ్చిన ఫిర్యాదులను విచారించడానికి ఆయన ముహమ్మద్ బిన్ మస్లమా (రజి)ను పంపేవారు. తర్వాతి కాలంలో ఈ పని మజాలిమ్ న్యాయస్థానాలకు సంక్రమించినది. క్రీ.శ. 1058లో మరణించిన ఖాజీ అల్ మావర్దీ వీటి విధులను వివరిస్తూ, గవర్నర్ల దౌర్జన్యం, పన్నులు వసూలు చేసేవారి అన్యాయం, దఫ్తర్లలోని గుమాస్తాల అక్రమాలు, ఈ మూడింటిపై ఎవరూ ఫిర్యాదు చేయకున్నా విచారణ జరపవచ్చునన్నాడు. అధికారికి భయపడి ప్రజలు నోరు విప్పలేరన్న వాస్తవాన్ని ఇది గుర్తించినది.

ముస్లిములు అత్యధికంగా నివసించే దేశాలలో ఒకటైన ఇండోనేషియా ఇదే సూత్రాన్ని ఆధునిక శాసనంగా రూపొందించుకున్నది. 32 ఏళ్ళ పాలన తర్వాత 1998 మే నెలలో అధ్యక్షుడు సుహార్తో గద్దె దిగినప్పుడు అవినీతి, కుమ్మక్కు, బంధుప్రీతి అనే మూడు రుగ్మతలను తొలగించాలన్నదే ప్రజల ప్రధానమైన కోరిక. 1999లో వచ్చిన అవినీతి నిరోధక చట్టాన్ని 2001లో సవరించి, ‘గ్రాతిఫికాసి’ అనే నేరాన్ని చేర్చారు. దాని ప్రకారం ఉద్యోగికి అతని పదవి సంబంధంగా, అతని విధికి విరుద్ధంగా అందిన కానుకను లంచంగానే భావిస్తారు. దాని విలువ కోటి రూపియా లేక అంతకు మించి ఉంటే, అది లంచం కాదని నిరూపించుకునే భారం పుచ్చుకున్నవానిదే. కాని 30 పని దినాలలో కమిషన్‌కు తెలియజేస్తే నేరం అంటదు. ఆ కానుక ఉద్యోగికి చెందాలా, ప్రభుత్వానికి చెందాలా అన్నది కమిషన్ తేల్చుతుంది.

ఆ కమిషనే 2002 నాటి చట్టంతో ఏర్పడి, 2003 చివర పని ప్రారంభించిన ‘కె.పి.కె.’. దర్యాప్తు, ప్రాసిక్యూషన్ రెండూ దాని చేతిలోనే ఉండేవి. టెలిఫోను సంభాషణలు వినడానికి అది ఎవరి అనుమతీ కోరనవసరం ఉండేది కాదు. 2013 అక్టోబరులో ఆ దేశపు రాజ్యాంగ న్యాయస్థానం ప్రధాన న్యాయమూర్తినే అది అరెస్టు చేసినది. మరుసటి ఏడు ఆయనకు యావజ్జీవ శిక్ష పడినది. హజ్ యాత్ర నిధుల వ్యవహారంలో మత వ్యవహారాల మాజీ మంత్రికి 2016లో జైలు శిక్ష పడినది. అల్లాహ్ గృహానికి వెళ్ళేవారి సొమ్ము కూడా అధికారుల చేతిలో భద్రంగా లేకపోవడం ఎంత విషాదమో, దానిని ప్రశ్నించగల సంస్థ ఒకటి ఉండడం అంత ఊరట.

అయితే ప్రశ్నించేవారికి శత్రువులూ పెరిగారు. 2017 ఏప్రిల్ 11న ఫజర్ నమాజు చేసి మస్జిదు నుండి ఇంటికి వెళ్తున్న కమిషన్ దర్యాప్తు అధికారి నోవెల్ బస్వెదాన్ ముఖంపై యాసిడ్ పోశారు. ఆయన ఒక కంటి చూపు పోయినది. ఈ నేరానికి 2020లో శిక్ష పడినవారిద్దరూ పోలీసు ఉద్యోగులే. 2019లో, విద్యార్థులు వేలాదిగా వీధులలోకి వచ్చి నిరసించినా, కమిషన్ చట్టాన్ని మార్చారు. దాని సిబ్బంది ప్రభుత్వోద్యోగులైనారు. ఫోను సంభాషణలు వినడానికి పర్యవేక్షక మండలి అనుమతి అవసరమైనది. తర్వాత జరిపిన ఒక పరీక్షలో తప్పినారని 2021 సెప్టెంబరు చివర 57 మందిని తొలగించారు. వారిలో నోవెల్ కూడా ఉన్నారు. ట్రాన్స్‌పరెన్సీ ఇంటర్నేషనల్ సూచికలో 2019లో 40 మార్కులు పొందిన ఇండోనేషియా 2022లో 34కు దిగజారినది.

కానుకల నిబంధన మారలేదు. మారినది, ఆ ప్రశ్న అడిగేవారి స్వేచ్ఛ. పూర్వ చరిత్రలోనూ ఇదే జరిగినది. హజ్రత్ ఉమర్ (రజి) చేతిలో పదునుగా ఉన్న పద్ధతి, పాలకులు తామే జవాబు చెప్పడానికి ఇష్టపడని కాలంలో మొద్దుబారినది. ధర్మసూత్రం ఎంత గొప్పదైనా, దానిని అమలు జరిపేవారు ఎవరిని విచారించాలో వారికే లోబడి ఉంటే అది కాగితంపైననే మిగిలిపోతుంది.

ఇందులో ప్రజల వంతు కూడా ఉన్నది. లంచం పుచ్చుకునేవానిని మాత్రమే కాదు, ఇచ్చేవానిని కూడా ప్రవక్త (సల్లం) శపించారు. పని త్వరగా కావాలని ఆఫీసు బల్లపై మిఠాయి పొట్లం పెట్టే వ్యక్తి కూడా అదే ప్రశ్న వేసుకోవాలి: ఈ మనిషి ఆ కుర్చీలో లేకపోతే, ఈ పొట్లం అతని ఇంటికి వెళ్ళేదా?