యాప్ చేయడం సరే... అందులోంచి డేటా తీయడం వచ్చా?

కోడ్ రాయకుండానే యాప్‌లు తయారవుతున్న రోజులివి. అందులో చేరిన వివరాలను చెక్కుచెదరకుండా బయటికి తెచ్చి, అడిగినవారికి అడిగిన ఫైల్‌లో ఇవ్వగలగడం మాత్రం వేరే నైపుణ్యం. చిన్న పనిలా కనిపించే ఈ విద్య ఫ్రెషర్లకు ఎందుకు అవసరమో, ఎలా నేర్చుకోవాలో చూద్దాం.

బహదూర్‌పల్లి పరిసరాల్లో చదువుతున్నవారికి ఈ దారి బాగా తెలుసు. ఒకవైపు టెక్ మహీంద్రా క్యాంపస్, మహీంద్రా యూనివర్సిటీ. ఇంకాస్త ముందుకెళ్తే గండిమైసమ్మ, దుండిగల్. ఇటు దూలపల్లి, మైసమ్మగూడ. ఎటు చూసినా ఇంజినీరింగ్ కాలేజీల బస్సులే. ఈ కాలేజీలన్నింటిలో ఫైనలియర్ వాళ్ల మాట ఒక్కటే: ప్లేస్‌మెంట్స్.

మీరు మీ కాలేజీ ప్లేస్‌మెంట్ సెల్‌లో స్టూడెంట్ కోఆర్డినేటర్ అనుకుందాం. యాప్‌షీట్‌లోనో, గ్లైడ్‌లోనో రెండు రోజుల్లో ఒక రిజిస్ట్రేషన్ యాప్ చేశారు. 400 మంది పేర్లు, ఫోన్ నంబర్లు, పుట్టిన తేదీలు, మార్కులు నమోదు చేసుకున్నారు. అందరూ భేష్ అన్నారు. ఒకరోజు మధ్యాహ్నం టీపీవో సార్ పిలిచి, ‘‘కంపెనీ వాళ్లు అడుగుతున్నారమ్మా, నాలుగింటిలోపు జాబితా ఎక్సెల్‌లో పంపాలి’’ అన్నారు. మీరు ఎక్స్‌పోర్ట్ నొక్కారు, ఫైల్ వచ్చింది, మెయిల్ వెళ్లిపోయింది.

మర్నాడు కొందరికి ఆన్‌లైన్ టెస్ట్ లింక్ రాలేదు. జాబితాలో వాళ్ల ఫోన్ నంబర్ల చోట ఏవో దశాంశాలు ఉన్నాయి. ఇంకొందరి పుట్టిన తేదీలో నెల, రోజు తారుమారయ్యాయి. తెలుగులో పేరు రాసినవాళ్ల దగ్గర పిచ్చి గుర్తులు. యాప్‌లో మాత్రం అన్నీ సరిగ్గానే ఉన్నాయి! తప్పు జరిగింది యాప్‌కి, ఫైల్‌కి మధ్య. ఒక్క నంబర్ చెడితే ఒకరి అవకాశం పోతుంది. అందుకే ఎక్స్‌పోర్ట్ అంటే ఒక బటన్ నొక్కడం మాత్రమే కాదు.

యాప్‌లో ఏముంది? బయటికి ఏమొస్తుంది?

ఏ నో-కోడ్ యాప్‌లోనైనా మూడు పొరలుంటాయి. ఒకటి, అడ్డు వరుసలు, నిలువు వరుసలుగా ఉండే డేటా. రెండు, స్క్రీన్లు, బటన్లు, ‘ఇలా జరిగితే అలా చెయ్యి’ అనే నియమాలు. మూడు, ఫొటోలు, రెజ్యూమెల్లాంటి జతచేసిన ఫైళ్లు. ఎక్స్‌పోర్ట్ చేస్తే సాధారణంగా మొదటిదే వస్తుంది. మిగతా రెండూ అక్కడే ఉండిపోతాయి.

ఉదాహరణకు బబుల్‌లో డేటాను సీఎస్‌వీగా తీసుకోవచ్చు. యాప్ కోడ్‌ను మాత్రం బయటికి తీసుకెళ్లలేం. ఎయిర్‌టేబుల్‌లో సీఎస్‌వీ డౌన్‌లోడ్ చేస్తే ఆ సమయంలో తెరిచి ఉన్న ‘వ్యూ’ మాత్రమే వస్తుంది. ఫిల్టర్ పెట్టి ఉంటే వడపోసిన వరుసలే వస్తాయి, దాచిన కాలమ్స్ అసలు రావు. 400 మంది ఉన్నారనుకుంటే 260 మందే రావడానికి కారణం చాలాసార్లు తీయడం మరిచిపోయిన ఫిల్టరే. జతచేసిన రెజ్యూమెల చోట లింకులు వస్తాయి. ఆ లింకులకు గడువు ఉంటుంది కాబట్టి ఫైళ్లను విడిగా దించుకోవాలి.

యాప్ శాశ్వతం కాదు

గూగుల్ ఫ్యూజన్ టేబుల్స్ అనే సేవను 2009లో తెచ్చింది. పట్టికలను మ్యాపులుగా చూపించడానికి ఎంతోమంది వాడుకున్నారు. 2019 డిసెంబరు 3న అది మూతపడింది. గూగుల్‌దే యాప్ మేకర్ అనే మరో సాధనం 2021 జనవరి 19న ఆగిపోయింది. మైక్రోసాఫ్ట్ కూడా షేర్‌పాయింట్‌లోని యాక్సెస్ వెబ్ యాప్స్‌ను 2018 ఏప్రిల్‌లో ముగించింది. ఇవేవీ చిన్న కంపెనీలు కావు. ముందే గడువు చెప్పాయి కాబట్టి డేటాను బయటికి తీసుకున్నవాళ్లు బతికిపోయారు.

బోర్డులు మారడం బహదూర్‌పల్లికీ కొత్తేం కాదు. ఇక్కడి టెక్ మహీంద్రా క్యాంపస్ ఒకప్పుడు సత్యం టెక్నాలజీ సెంటర్. 2009 జనవరిలో సత్యం కుంభకోణం బయటపడింది. అదే ఏడాది ఆ కంపెనీ మహీంద్రా చేతికి వచ్చింది. 2013లో టెక్ మహీంద్రాలో పూర్తిగా కలిసిపోయింది. కంపెనీ చేతులు మారినా, సాఫ్ట్‌వేర్ మారినా పాత వివరాలు కొత్త చోటికి చేరాల్సిందే. ఈ పనినే ‘డేటా మైగ్రేషన్’ అంటారు. ఇంప్లిమెంటేషన్, సపోర్ట్, టెస్టింగ్ ఉద్యోగాల్లో చేరినవారికి ఇది రోజువారీ మాట.

ఏ ఫైల్ ఎప్పుడు?

సీఎస్‌వీ: కామాలతో విడదీసిన మామూలు అక్షరాల ఫైల్. దాదాపు ప్రతి సాఫ్ట్‌వేరూ దీన్ని చదువుతుంది. రంగులు, ఫార్ములాలు, రెండో షీటు ఏవీ ఉండవు. ఒక సిస్టమ్ నుంచి మరో సిస్టమ్‌కి పంపాలంటే మొదటి ఎంపిక ఇదే. చిరునామాలో ‘బహదూర్‌పల్లి, మేడ్చల్’ అని కామా ఉంటే? ఆ మొత్తాన్నీ కొటేషన్ గుర్తుల మధ్య పెట్టాలి. లేకపోతే ఒక కాలమ్ రెండుగా చీలిపోతుంది. ఈ పద్ధతులను 2005లో ఆర్ఎఫ్‌సీ 4180 అనే పత్రంలో రాసిపెట్టారు.

ఎక్స్ఎల్ఎస్ఎక్స్: ఇప్పటి ఎక్సెల్ ఫైల్. మనుషులు తెరిచి చూసేందుకు, లెక్కలు వేసుకునేందుకు అనువైనది. ‘ఈ కాలమ్ అంకె కాదు, అక్షరాలు’ అన్న సమాచారాన్ని కూడా తనలో దాచుకుంటుంది. హెచ్ఆర్ వాళ్లకు పంపాల్సింది ఎక్కువగా ఇదే.

జేసన్: ఒక విద్యార్థి కింద మూడు ప్రాజెక్టులు, ప్రతి ప్రాజెక్టు కింద నాలుగు టూల్స్... ఇలా ఒకదానిలో ఒకటి ఇమిడి ఉండే డేటాకు సరైనది. ప్రోగ్రామ్‌లు ఒకదానితో ఒకటి మాట్లాడుకోవడానికి వాడతారు.

పీడీఎఫ్: చూడటానికి, ప్రింట్ తీయడానికి, సంతకం పెట్టడానికి. దీన్ని బ్యాకప్ అనుకోవద్దు. పీడీఎఫ్‌లోని పట్టికను మళ్లీ డేటాగా మార్చడం పచ్చడిని తిరిగి మామిడికాయ చేయడం లాంటిదే.

జోహో సంస్థ క్రియేటర్ లాంటి వేదికల్లో ఇలాంటి ఫార్మాట్లు ఒకే మెనూలో కనిపిస్తాయి. ఏది నొక్కాలో తెలియాలంటే ముందు ఒక్క ప్రశ్న వేసుకోండి: ఈ ఫైల్‌ను తెరిచేది మనిషా, మరో సాఫ్ట్‌వేరా?

ఎక్కువ మంది దెబ్బతినేది ఇక్కడే

పెద్ద నంబర్లు: 91తో కలిపి ఫోన్ నంబరు 12 అంకెలు. సీఎస్‌వీని డబుల్ క్లిక్ చేసి తెరిస్తే ఎక్సెల్ దాన్ని లెక్కల అంకె అనుకుని, 9.19 పక్కన ‘ఈ’ అక్షరంతో కుదించి చూపిస్తుంది. చూసినంత మాత్రాన నష్టం లేదు. అలాగే మళ్లీ సీఎస్‌వీగా సేవ్ చేస్తేనే అసలు నంబరు పోతుంది. సున్నాతో మొదలయ్యే బ్యాంకు ఖాతా నంబర్లలో ముందున్న సున్నాలు ఎగిరిపోతాయి. ఎక్సెల్ ఒక అంకెలో 15 స్థానాల వరకే కచ్చితంగా దాచుకుంటుంది. 16 అంకెల నంబరైతే చివరి అంకె సున్నాగా మారుతుంది.

తేదీలు: 03-07-2004 అంటే మనకు జులై 3. అమెరికా పద్ధతిలో పెట్టిన కంప్యూటర్‌కి మార్చి 7. ముందు సంవత్సరం, తర్వాత నెల, చివర రోజు వచ్చేలా 2004-07-03 అని ఎక్స్‌పోర్ట్ చేస్తే గొడవే ఉండదు. ఐఎస్ఓ 8601 ప్రమాణం చెప్పేదీ ఇదే. ఎక్సెల్ తేదీల పిచ్చి ఎంతవరకు వెళ్లిందంటే, మార్చ్1, సెప్ట్1 లాంటి జన్యువుల పేర్లు పదేపదే తేదీలుగా మారిపోతుండటంతో, 2020లో శాస్త్రవేత్తలు జన్యువుల పేర్లనే మార్చుకున్నారు!

తెలుగు అక్షరాలు: యూటీఎఫ్-8లో ఒక్కో తెలుగు గుర్తుకి మూడు బైట్లు పడతాయి. తెరిచే సాఫ్ట్‌వేర్ ఆ సంగతి గుర్తించకపోతే ఒక్కో గుర్తు చోట మూడు వింత చిహ్నాలు కనిపిస్తాయి. డీటీపీ సెంటర్లలో అను ఫాంట్లతో చేసిన పాత ఫైళ్లు వేరే కంప్యూటర్‌లో ఇంగ్లిష్ గుర్తులుగా కనిపించడం చాలామందికి అనుభవమే. అవి యూనికోడ్ కాకపోవడమే అందుకు కారణం. ఎక్సెల్‌లో సేవ్ చేసేటప్పుడు ‘సీఎస్‌వీ యూటీఎఫ్-8’ అన్నదే ఎంచుకోండి. మామూలు సీఎస్‌వీ ఎంచుకుంటే తెలుగంతా ప్రశ్నార్థకాలుగా మారిపోవచ్చు, వాటిని తిరిగి రాబట్టలేం.

వరుసల హద్దు: పాత ఎక్స్ఎల్ఎస్ ఫైల్‌లో 65,536 వరుసలే పడతాయి. కొత్త ఎక్స్ఎల్ఎస్ఎక్స్‌లో 10,48,576. ఈ తేడా తెలియకపోతే ఏమవుతుందో 2020 అక్టోబరులో ఇంగ్లండ్ చూసింది. కొవిడ్ ఫలితాలను పాత ఫార్మాట్‌లోకి ఎక్కించడంతో హద్దు దాటిన వరుసలు తెగిపోయాయి. 15,841 పాజిటివ్ కేసులు లెక్కలోకి ఆలస్యంగా వచ్చాయి. వాళ్లతో కలిసి తిరిగినవారిని వెతికే పనీ అంతే ఆలస్యమైంది.

పంపే ముందు పది నిమిషాలు

- ఎక్స్‌పోర్ట్‌కి ముందు ఫిల్టర్లు తీసేయండి. దాచిన కాలమ్స్ తెరవండి.
- దించుకున్న అసలు ఫైల్‌ను ముట్టుకోకండి. కాపీ తీసుకుని దానిమీదే పనిచేయండి. పేరులో తేదీ ఉంచండి.
- సీఎస్‌వీని డబుల్ క్లిక్ చేయొద్దు. ఎక్సెల్‌లో డేటా మెనూకి వెళ్లి ‘ఫ్రమ్ టెక్స్ట్/సీఎస్‌వీ’ ద్వారా తెరవండి. ఫైల్ ఆరిజిన్ దగ్గర 65001 యూటీఎఫ్-8 ఎంచుకోండి. ఫోన్, ఖాతా, హాల్‌టికెట్ నంబర్ల కాలమ్స్‌ను ‘టెక్స్ట్’గా మార్చి అప్పుడు లోడ్ చేయండి.
- యాప్‌లో ఎన్ని రికార్డులు ఉన్నాయో, ఫైల్‌లో అన్ని వరుసలు ఉన్నాయో లేదో సరిచూడండి.
- మొదటి, చివరి, మధ్యలోని మూడు... మొత్తం ఐదు రికార్డులను యాప్‌తో పక్కపక్కన పెట్టి పోల్చండి. వాటిలో ఒకటి తెలుగు పేరు, ఒకటి కామా ఉన్న చిరునామా అయ్యేలా చూసుకోండి.
- మార్కుల కాలమ్ మొత్తం కూడి చూడండి. రెండు చోట్లా ఒకటే రావాలి.
- వీలైతే ఆ ఫైల్‌ను ఖాళీ యాప్‌లోకి తిరిగి ఎక్కించండి. అక్కడ సరిగ్గా కుదిరితే మీ ఎక్స్‌పోర్ట్ నిజంగా పనికొచ్చినట్టు.

ఆ ఫైల్ మీది కాదు

జాబితాలో ఉన్నవి తోటి విద్యార్థుల ఫోన్ నంబర్లు, పుట్టిన తేదీలు. యాప్‌లో ఉన్నంతసేపు పాస్‌వర్డ్ కాపలా ఉంటుంది. ఫైల్‌గా మారాక అది ఏ వాట్సాప్ గ్రూపులోకైనా వెళ్లిపోగలదు. మన దేశంలో డిజిటల్ వ్యక్తిగత డేటా పరిరక్షణ చట్టం 2023 ఆగస్టులో వచ్చింది. సంస్థలు భద్రతా చర్యలు తీసుకోకపోతే రూ.250 కోట్ల వరకు జరిమానా విధించే వీలు అందులో ఉంది. కాబట్టి కంపెనీ అడిగిన కాలమ్స్ మాత్రమే పంపండి. ఆధార్ అడగకపోతే పెట్టకండి. ఫైల్‌కి పాస్‌వర్డ్ పెట్టి, దాన్ని వేరే దారిలో తెలియజేయండి. పని అయ్యాక పెన్‌డ్రైవ్‌లో, ల్యాబ్ కంప్యూటర్‌లో మిగిలిన కాపీలు తీసేయండి.

ఇంటర్వ్యూలో ఎలా చెప్పాలి?

రెజ్యూమెలో ‘నో-కోడ్ యాప్ చేశాను’ అని రాసేవాళ్లు చాలామందే ఉంటారు. దాని కింద ఇంకో వాక్యం చేర్చండి: ఎన్ని రికార్డులు, ఏ ఫార్మాట్‌లోకి తీశారు, ఎలా సరిచూశారు, ఏ తప్పు పట్టుకున్నారు. ఇంటర్వ్యూ చేసేవారు ఆగి అడిగేది అక్కడే. ‘సీఎస్‌వీకి, జేసన్‌కి తేడా ఏమిటి?’, ‘ముందున్న సున్నాలు పోతే ఏం చేస్తావు?’, ‘డేటా అంతా వచ్చిందని ఎలా నమ్మమంటావు?’ లాంటి ప్రశ్నలకు పుస్తకం మాటలకన్నా మీరు చేసిన పనే మంచి జవాబు. సీఎస్ఈ వాళ్లే కానక్కర్లేదు. బీకాం, బీబీఏ, సివిల్, మెకానికల్... ఎవరైనా ఇది నేర్చుకోవచ్చు. ఖర్చు కూడా లేదు, ఉచిత ఖాతాలతో సాధన చేయొచ్చు. ఎక్సెల్ లేకపోతే లిబ్రే ఆఫీస్ కాల్క్, గూగుల్ షీట్స్ ఉన్నాయి.

ఈ ఆదివారం రెండు గంటలు కేటాయించండి. కల్పిత పేర్లతో 20 వరుసల పట్టిక చేయండి. అందులో కావాలనే సున్నాతో మొదలయ్యే నంబరు, తెలుగు పేరు, కామా ఉన్న చిరునామా, 12వ తేదీలోపు పుట్టినరోజు పెట్టండి. సీఎస్‌వీ, ఎక్సెల్, జేసన్... వీలైనన్ని ఫార్మాట్లలో బయటికి తీయండి. ఏ ఫైల్‌లో ఏది చెడిందో, ఎలా బాగుచేశారో ఒక పేజీలో రాసుకోండి. ఆ పేజీ మీ పోర్ట్‌ఫోలియోలో మొదటి కాగితం అవుతుంది. ఏ యాప్ చేసినా మొదటి రోజే ‘ఇందులోంచి డేటా ఎలా బయటికొస్తుంది?’ అని అడగడం కూడా అలవాటు చేసుకోండి. యాప్ మూతపడుతున్నట్టు మెయిల్ వచ్చాక కాకుండా, యాప్ మొదలుపెట్టేటప్పుడే అడగాల్సిన ప్రశ్న అది.